అమ్మమ్మ ఎప్పుడు పుట్టిందో ఎవరికీ తెలీదు

మా పెళ్ళికి శుభలేఖ లేదు. హాల్లో నూట పది మంది దాకా ఉన్నారు. వాళ్ళలో తాము పెళ్ళికి వచ్చామని తెలిసినవాళ్ళు, మమ్మల్నిద్దర్నీ తీసేస్తే, నలుగురంటే నలుగురు. మిగతావాళ్ళంతా మా అమ్మమ్మ ఎనభయ్యో పుట్టినరోజుకి వచ్చారు.

ఈ మాట ఎవరికి చెప్పినా మొదట అడిగేది "లేచిపోయారా?" అనే. లేదండీ. అమ్మానాన్నల్నీ అత్తమామల్నీ ముందు వరసలో కూర్చోబెట్టుకుని ఎవరైనా లేచిపోతారా? రెండిళ్ళవాళ్ళూ ఒప్పుకున్న సంబంధమే మాది. ఒప్పుకుని రెండేళ్ళయింది, గొడవంతా అక్కడే.

పెళ్ళి చెయ్యడానికి అందరూ సరే అన్నారు గానీ ఎలా చెయ్యాలన్నది ఎంతకీ తెమల్లేదు. మా ఇంటి పద్ధతి వేరు, వాళ్ళింటి పద్ధతి వేరు. ఎవరి పద్ధతిలో, ఎవరి ఊళ్ళో, ఎంతమందితో, ఏ నెలలో... ఈ ఆదివారం కూర్చుని తేల్చేద్దాం అనుకునేవాళ్ళు, ఆదివారం సాయంత్రానికి పాతవి అలాగే ఉండి కొత్తవి ఇంకో రెండు పుట్టేవి. ఎదురుపడితే నాన్న, మామయ్య గారు "మీరెలా అంటే అలాగే" అని ఒకరికొకరు చెప్పుకునేవారు, ఇంటికొచ్చాక మాత్రం "ఆయన ఆ మాట అనొచ్చా?" అని రెండిళ్ళలోనూ ఒకటే పంచాయితీ. ఎవరూ చెడ్డవాళ్ళు కాకపోవడమే మా ఖర్మ. చెడ్డవాళ్ళయితే ఒక దణ్ణం పెట్టి నిజంగానే లేచిపోయేవాళ్ళం.

ఒకరోజు రాత్రి ఫోన్లో తను (ఇప్పుడు మా ఆయన) విసుగొచ్చి, "అందరూ ఒకచోట ఉన్నప్పుడు చెప్పాపెట్టకుండా చేసేసుకుంటే పోలా?" అన్నాడు. ఇద్దరం నవ్వుకుని పెట్టేశాం. మూడు రోజుల తర్వాత నేనే ఫోన్ చేసి "నువ్వు మొన్న అన్నది జోకేనా?" అని అడిగాను. అటువైపు కాసేపు చప్పుడు లేదు. తర్వాత "నువ్వు అడుగుతావేమోనని చూస్తున్నా" అన్నాడు.

అలా మొదలైంది. ఇది జరిగి పదకొండేళ్ళు దాటింది, కానీ ఆ మూడు నెలలు పడ్డ టెన్షన్ మాత్రం ఇప్పటికీ కడుపులో ఒక మూల ఉంది.

మన దగ్గర ఎక్కువమంది ఏదో ఒక పద్ధతిలో పెళ్ళి చేసుకుని, ఆ తర్వాత ఫొటోలు పట్టుకెళ్ళి రిజిస్టర్ చేయించుకుంటారు. మా గొడవే పద్ధతి దగ్గర కాబట్టి, ఏ పద్ధతీ అక్కర్లేకుండా నేరుగా చట్టం ముందే చేసుకునే దారి వెతికాం. ప్రత్యేక వివాహ చట్టం, 1954. కులం, మతం ఏదైనా ఫర్వాలేదు, అమ్మాయికి 18, అబ్బాయికి 21 నిండాలి, బతికున్న భార్యో భర్తో ఉండకూడదు, ఇలా కొన్ని షరతులు. అన్నీ బాగానే ఉన్నాయనుకుంటూ చదువుతుంటే అయిదో సెక్షన్ దగ్గర ఇద్దరం తల పట్టుకున్నాం. పెళ్ళి చేసుకోబోతున్నామని మ్యారేజ్ ఆఫీసర్‌కి ముందుగా నోటీసు ఇవ్వాలట. ఆయన దాన్ని ఆఫీసులో అందరికీ కనిపించేచోట అంటిస్తారట. ముప్పై రోజుల్లోపు ఎవరైనా వచ్చి అభ్యంతరం చెప్పొచ్చట. అంటే రహస్యంగా పెళ్ళి చేసుకోవాలంటే ముందు ఆ సంగతి గోడకెక్కించాలన్నమాట!

ఇంకా ఉంది. ఇద్దరిలో ఒకరైనా ఆ జిల్లాలో నోటీసుకి ముందు కనీసం ముప్పై రోజులు నివాసం ఉండాలి. అది నేనున్నాను, ఇబ్బంది లేదు. తన సొంతూరు వేరే జిల్లా. అలాంటప్పుడు నోటీసు కాపీ అక్కడి మ్యారేజ్ ఆఫీసర్‌కి కూడా వెళ్తుంది, అక్కడా అంటిస్తారు. ఒక గోడ చాలదని రెండు గోడలు. పైగా నోటీసు ఇచ్చిన మూడు నెలల్లోపు పెళ్ళి జరక్కపోతే అది చెల్లదు, మళ్ళీ మొదటికి. ముప్పై రోజులు గడిచేదాకా కుదరదు, మూడు నెలలు దాటితే కుదరదు, ఆ మధ్యలో ఏదో ఒక రోజు రెండిళ్ళ జనాన్నీ ఒకచోటికి రప్పించాలి, అదీ ఎందుకో చెప్పకుండా.

(ఈ నోటీసు అంటించే పద్ధతి మీద తర్వాత కోర్టుల్లో చాలా వాదనలు జరిగాయి. 2021 జనవరిలో అలహాబాద్ హైకోర్టు అయితే, నోటీసును బయటపెట్టాలా వద్దా అన్నది ఆ జంట ఇష్టమని చెప్పింది. ఆ వార్త చదివిన రోజు మా ఆయన ఫోన్ నా ముందు పెట్టి "మనం కొంచెం తొందరపడ్డాం" అన్నాడు.)

నోటీసు ఇచ్చిన రోజు నాకు ఇప్పటికీ కళ్ళకి కట్టినట్టు ఉంది. ఫారంలో పేరు, ఇదివరకు పెళ్ళయిందా లేదా, వృత్తి, వయసు, ఉంటున్న చిరునామా, అక్కడ ఎంతకాలంగా ఉంటున్నారు, అన్నీ ఉన్నాయి. అందులో ఇంటి నంబరు రాస్తుంటే నా చెయ్యి వణికింది. అక్కడి గుమస్తాని "ఇంటికి ఏమైనా కాయితం వస్తుందా అండీ?" అని మూడుసార్లు అడిగాను. ఆయన మూడోసారి కళ్ళజోడు పైనుంచి చూసి, "రాదమ్మా, గోడ మీదే" అన్నాడు. అని, మా కళ్ళముందే కాయితం వెనక జిగురు రాసి, బొటనవేలితో నాలుగు మూలలూ నొక్కి అంటించాడు. కుడివైపు కింది మూల సరిగ్గా అంటుకోలేదు. ఫ్యాన్ గాలికి అది లేస్తూ పడుతూ ఉంది. పక్కనే ఉన్న పాత నోటీసు కిందికి మా కాయితాన్ని కొంచెం జరిపితే నా పేరు సగం కనపడదు కదా అని చెయ్యి పెట్టబోయాను. తను చెయ్యి పట్టుకుని ఆపాడు. "కనపడేలా ఉండాలని చట్టంలో ఉంది" అన్నాడు. ఇంత నిజాయితీపరుడితో రహస్యం ఎలా దాచాలిరా దేవుడా అనుకున్నాను. ఆ మూల అలా మడతపడే ఉంది, మేం మెట్లు దిగొచ్చేశాం.

ఇక జనాన్ని రప్పించడం.

సర్‌ప్రైజ్ పెళ్ళిలో అసలు చిక్కు దాచడంలో లేదు, రప్పించడంలో ఉంది. ఈ ముక్క ఎవరూ ముందుగా చెప్పరు. పెళ్ళంటే సెలవు పెట్టుకుని, జ్వరమున్నా మాత్ర వేసుకుని వస్తారు. మామూలు ఫంక్షన్ అంటే "చూద్దాంలే" అంటారు. పెళ్ళి అని చెప్పకుండా పెళ్ళికి వచ్చినట్టు రావాలి. మా ఎంగేజ్‌మెంట్ అని పిలుద్దామా అంటే అది ఎవరి పద్ధతిలో అన్న గొడవ మళ్ళీ మొదటికొస్తుంది. నా పుట్టినరోజంటే ఎవరొస్తారు? ఇలా తలలు పట్టుకుని కూర్చున్నప్పుడు నాకు అమ్మమ్మ గుర్తొచ్చింది.

అమ్మమ్మ ఎప్పుడు పుట్టిందో ఎవరికీ తెలీదు. వానలు బాగా పడ్డ ఏడాది, పెద్దమావయ్య కంటే పద్దెనిమిదేళ్ళు పెద్ద, ఇంతే లెక్క. ఆధార్ కార్డులో జనవరి 1 అని ఉంటుంది, ఆ వయసువాళ్ళలో చాలామందికి ఉన్నట్టే. చిన్నప్పుడు నేను "నీ పుట్టినరోజు ఎప్పుడు అమ్మమ్మా?" అంటే "నీకు ఏ రోజు తీరికైతే ఆ రోజు" అనేది.

ఆవిడకి నిజం చెప్పకుండా ఆవిడ పేరు వాడుకోవడం తప్పనిపించింది. ఒక మధ్యాహ్నం అందరూ నిద్రపోయాక పక్కన కూర్చుని మొత్తం చెప్పాను. నోటీసు, ముప్పై రోజులు, మూడు నెలలు, అంతా. ఆవిడ తల అటూ ఇటూ ఆడిస్తూ విని, చివర్లో రెండే ప్రశ్నలు అడిగింది. "ఆ అబ్బాయి వాళ్ళమ్మ వస్తుందా?" వచ్చేలా చూస్తామన్నాను. "నేను మాట్లాడాలా?" మాట్లాడాలన్నాను. "అయితే నాకు మైకు పెట్టించు. గొంతు పెంచి మాట్లాడితే దగ్గొస్తుంది" అంది. అంతే. ఎందుకు, ఏమిటి, మీ అమ్మకి తెలిస్తే ఏమంటుంది, ఒక్క మాట అడగలేదు. ఆ పైన మూడు నెలలు ఇంట్లో ఆవిడ వేసిన వేషాలు చూస్తే నాకే భయమేసింది. "నా పుట్టినరోజుకి వాళ్ళు రాకపోతే నేను చచ్చినా ఊరుకోను" అని ఒక్కొక్కరికీ తనే ఫోన్ చేయించుకుని మరీ సాధించింది. జీవితంలో ఒక్క పుట్టినరోజూ చేసుకోని మనిషి!

నాన్నకి మాత్రం ఒకసారి అనుమానం వచ్చింది. ఏదో బ్యాంకు పనికి ఆవిడ ఆధార్ చేతిలోకి తీసుకుని "ఇందులో జనవరి 1 అని ఉందే, మరి ఈ నెలలో పుట్టినరోజు ఏంటి?" అన్నారు. అమ్మమ్మ టీవీ మీంచి చూపు తిప్పకుండా "కార్డు తీసినవాడు నేను పుట్టినప్పుడు పక్కన ఉన్నాడా బాబూ?" అంది. నాన్న కార్డు కవర్లో పెట్టేశారు.

మా అబద్ధాల పుస్తకం ఒకటుండేది, ఇప్పటికీ బీరువాలో ఉంది. స్పైరల్ నోట్‌బుక్. ఎడమవైపు పేరు, కుడివైపు ఆ మనిషికి ఏం చెప్పాం. ఎవరికి ఏ అబద్ధం చెప్పామో మర్చిపోతే దొరికిపోతాం కదా. మా అత్తయ్య గారికి "పెద్దావిడ మిమ్మల్ని ప్రత్యేకంగా చూడాలంటున్నారు". విదేశంలో ఉన్న వాళ్ళ అక్కకి "టికెట్లు ఇప్పుడైతే చవక" (అది అబద్ధమని ఆవిడకి టికెట్ కొన్న రోజే తెలిసిపోయింది, పాపం). హాలు మేనేజరుకి "పుట్టినరోజే, కానీ పూలు కొంచెం ఎక్కువ కావాలి". అమ్మ పేరు ఎదురుగా "మంచి చీర కట్టుకునేలా చూడాలి, ఎందుకంటే" అని రాసి ఆ తర్వాత ఖాళీ. ఆ ఖాళీ చివరిదాకా నిండలేదు. సొంత తల్లి పుట్టినరోజుకి పట్టుచీర ఎందుకు, తిరిగి చూసుకోవాల్సిన పనులుంటాయి, నూలు చీరే హాయి అని అమ్మ వాదన. దానికి సరిపడా అబద్ధం ఇద్దరికీ తట్టలేదు.

దొరికిపోయామనుకున్న రోజు ఒకటుంది. తనకి పంపాల్సిన మెసేజ్ మా ఇంటివాళ్ళ వాట్సాప్ గ్రూపులో పెట్టేశాను. "రిజిస్ట్రారు గారు వస్తామన్నారు, సాక్షులు ముగ్గురూ తొమ్మిదింటికల్లా ఉండాలి" అని. పంపింది అందరికీ మాయమయ్యేలా చెరిపేసే సదుపాయం 2017లో గానీ రాలేదు, అప్పటికి లేదు. రెండు నీలం గీతలు పడుతుంటే నాకు చెమటలు పట్టాయి. ఏం చెయ్యాలో తెలీక ఆఫీసులో కొలీగ్ ఫ్లాట్ రిజిస్ట్రేషన్‌దని, పొరపాటున ఇక్కడ పడిందని రాశాను. అన్నయ్య "నీకెందుకు ఊళ్ళోవాళ్ళ పనులు" అన్నాడు. అమ్మ బొటనవేలు గుర్తు పెట్టింది. బాబాయ్ ఏమీ రాయలేదు.

బాబాయ్ గురించి చెప్పాలి. నాన్న తమ్ముడు. ఆరో తరగతిలో నేను లెక్కల్లో తప్పితే ప్రోగ్రెస్ కార్డు మీద నాన్న బదులు తనే సంతకం పెట్టాడు, ఆ సంగతి నాన్నకి ఇవాళ్టికీ తెలీదు. రహస్యం దాచడంలో అంతటి మనిషి. మరి మా సంగతి చెప్పొచ్చుగా అంటారేమో. చెప్పాలనే అనుకున్నాం. కానీ రేపు పెళ్ళయ్యాక, తమ్ముడికి తెలిసి అన్నకి తెలీలేదన్న మాట ఇద్దరి మధ్యా ఎప్పటికీ ఉండిపోతుంది. నాన్నకి చెప్పని సంగతి నాన్న తమ్ముడికి చెప్పకూడదని గట్టిగా అనుకున్నాం. అప్పుడు అదే పెద్ద తెలివిగా అనిపించింది.

ఫంక్షన్‌కి మూడు రోజుల ముందు పిన్ని ఫోన్ చేసి తను వస్తున్నానని, బాబాయ్‌కి నడుం పట్టేసిందని, రాలేడేమోనని చెప్పింది. గుండె జారిపోయింది. వెంటనే బాబాయ్‌కి చేశాను. "రా బాబాయ్, కారు పంపిస్తాను, వెనక సీట్లో పడుకుని రా" అన్నాను. "మీ అమ్మమ్మ పుట్టినరోజేగా తల్లీ, తర్వాతొకరోజు వచ్చి చూసి వెళ్తాలే" అన్నాడు. గొంతు మామూలుగానే ఉంది. నేను బతిమాలుతూనే ఉన్నాను. మధ్యలో ఒకసారి ఆపి, "ఇంకేమైనా ఉందా నాకు చెప్పాల్సింది?" అన్నాడు.

నోటి చివరదాకా వచ్చింది. నిజం. పక్కన తను కూర్చుని ఉన్నాడు, నా వైపు చూసి "చెప్పెయ్" అన్నట్టు తలూపాడు కూడా. నేనే, మూడు నెలలు దాచి మూడు రోజుల ముందు పాడుచేసుకోవడం ఎందుకని, "ఏం లేదు బాబాయ్, నువ్వొస్తే బాగుంటుందని" అన్నాను.

"సరేలే, ఒళ్ళు జాగ్రత్త" అని పెట్టేశాడు.

పెళ్ళి రోజు గురించి నిజానికి ఎక్కువ చెప్పలేను, సగం గుర్తులేదు. గుర్తున్నవి ముక్కలు ముక్కలుగా ఉన్నాయి. మ్యారేజ్ ఆఫీసర్ హాలుకి రావచ్చా అని మాకు మొదట్లో అనుమానం ఉండేది. ఆఫీసు నుంచి మరీ దూరం కాకపోతే, అదనపు ఫీజు కడితే, వేరేచోట కూడా జరిపించొచ్చని చట్టంలోనే ఉంది. ముందుగా కలిసినప్పుడు ఆయన "పెద్దవాళ్ళకి తెలుసా?" అని అడిగారు. "తెలుస్తుంది సార్" అన్నాను. "ఎప్పుడు?" "మీరొచ్చిన పది నిమిషాలకి." ఆయన కాసేపు మా ఇద్దరి మొహాలూ చూసి, డైరీలో టైము రాసుకున్నారు. ఆ రోజు రిజిస్టరు గుడ్డసంచిలో పెట్టుకుని వచ్చి మూడో వరసలో బుద్ధిగా కూర్చున్నారు. మా పెద్దమావయ్య ఆయన పక్కన చేరి "మీరు అమ్మకి ఏమవుతారు?" అని అడుగుతుంటే, "ఇంకాసేపట్లో తెలుస్తుందండీ" అని తప్పించుకోవడం నేను దూరం నుంచి చూశాను.

అమ్మమ్మకి మైకు ఇచ్చారు. ఆవిడ దాన్ని రెండు చేతులా పట్టుకుంది. అందరూ చప్పట్లు కొట్టారు. ఆగేదాకా ఆగి, "ఇవాళ నా పుట్టినరోజు కాదు" అంది. జనం నవ్వారు, పెద్దావిడ ఏదో సరదాగా అంటోందని. "నేనెప్పుడు పుట్టానో నాకే తెలీదు. ఎప్పుడో పుట్టాను, అది పెద్ద విషయం కాదు. ఇవాళ నా మనవరాలి పెళ్ళి. అదిగో ఆఫీసరు గారు వచ్చారు. లేచినవాళ్ళు కూర్చోండి."

నవ్వులు ఆగలేదు మొదట. ఆఫీసర్ గారు లేచి సంచిలోంచి రిజిస్టరు తీసేసరికి ఆగాయి. ఫ్యాన్ల చప్పుడు తప్ప ఏమీ వినపడని ఆ నాలుగైదు సెకన్లు ఉన్నాయే, ఆ మూడు నెలల టెన్షన్ అంతా దాని ముందు బలాదూర్. తర్వాత ముందు వరసలోంచి మామయ్య గారు చప్పట్లు మొదలుపెట్టారు. అందరికంటే ఎక్కువ పట్టుబట్టిన మనిషి ఆయనే! ఆ తర్వాత అడిగితే "హమ్మయ్య, ఇక ఎవరితోనూ మాట్లాడక్కర్లేదు అనిపించింది" అన్నారు. నాన్న మాత్రం లేచి బయటికెళ్ళిపోయారు. ఎవరో వెనకాల వెళ్ళబోతే అమ్మమ్మ మైకులోనే "ఉండనియ్యండి, వస్తాడు" అంది. పది నిమిషాలకి మొహం కడుక్కుని వచ్చి, జేబురుమాలు మడుచుకుంటూ నా పక్కన నిలబడ్డారు.

ఆ చట్టం ప్రకారం పెళ్ళంటే ఒకే ఒక్క వాక్యం. మ్యారేజ్ ఆఫీసర్, ముగ్గురు సాక్షుల ముందు, ఇద్దరికీ అర్థమయ్యే భాషలో ఒకరితో ఒకరు అనాలి. నేను ఫలానా, ఫలానా నిన్ను చట్టబద్ధమైన భర్తగా స్వీకరిస్తున్నాను. రెండేళ్ళు తెమలని పెళ్ళి రెండు వాక్యాల్లో అయిపోయింది. సాక్షుల్లో ఒకరు నా ఫ్రెండ్, ఒకరు తన ఫ్రెండ్, మూడో సంతకం అమ్మమ్మది. ఒక్కో అక్షరం విడివిడిగా, గడి దాటి కింది గీత మీదికి జారిపోయింది. ఆఫీసర్ గారు "ఫర్వాలేదమ్మా" అంటున్నా వినకుండా చివరి అక్షరం కొమ్ము మళ్ళీ దిద్దింది.

అమ్మ కోపం రెండు రోజుల తర్వాత బయటపడింది. ఆ రోజు ఫొటోలన్నిట్లో నవ్వుతూనే ఉంది, ఆ నూలు చీరలోనే. ఇంటికొచ్చాక గిన్నెలు సర్దుతూ, నా వైపు చూడకుండా, "నీకు పెళ్ళి ఒక్కరోజు. నాకది ఆర్నెల్ల పని. ఆ ఆర్నెల్లూ లేకుండా చేశావు కదే" అంది. మేం తప్పించామనుకున్న తలనొప్పులన్నీ ఆవిడ ఎదురుచూస్తున్న పనులట. బజారుకెళ్ళడం, జాబితాలు రాయడం, ఎవరితోనో ఒకరితో పోట్లాడటం, అలిసిపోయానని నలుగురికీ చెప్పుకోవడం. దానికి నా దగ్గర సమాధానం అప్పుడూ లేదు, ఇప్పుడూ లేదు. ఫొటోల్లో ఆ చీర చూసినప్పుడల్లా నోట్‌బుక్‌లో ఆ ఖాళీ గుర్తొస్తుంది.

పెళ్ళయిన రెండు వారాలకి బాబాయ్ ఇంటికి వెళ్ళాం. నడుం బాగానే ఉన్నట్టుంది, గేటు దాకా ఎదురొచ్చాడు. పిన్ని లోపలికి వెళ్ళాక నేను "సారీ బాబాయ్, నీకు చెప్పాల్సింది" అని ఏదో మొదలుపెట్టాను. ఆయన తీరిగ్గా కుర్చీ జరుపుకుని, "కుడివైపు మూల ఊడొచ్చింది మీ కాయితం. నేనే మళ్ళీ అంటించాను" అన్నాడు.

నాకు ఒక క్షణం అర్థం కాలేదు. మా ఆయనకి ముందు అర్థమైంది, చేతిలో గ్లాసు కింద పెట్టేశాడు.

స్థలం కాయితాల పని మీద అదే ఆఫీసుకి వెళ్ళాడట, మేం నోటీసు ఇచ్చిన వారానికే. ఫ్యాన్ గాలికి ఏదో కాయితం కొట్టుకుంటుంటే చూపు అటు పోయిందట. పేరు, ఇంటి నంబరు, అన్నీ చదివాడు. మూల సరిగ్గా నొక్కి వచ్చేశాడు. నాన్నకి చెప్పలేదు, పిన్నికి కూడా చెప్పలేదు. అన్నకి తెలీకుండా చేసుకుంటున్నారంటే ఏదో కారణం ఉంటుంది, నాకైతే చెప్తుందిలే అనుకున్నాడట. రోజులు లెక్కపెట్టుకున్నాడు. ముప్పై రోజులు అయిన మర్నాడు పొద్దున్నే, కొత్త చొక్కా వేసుకుని, ఇంట్లో స్థలం పనే అని చెప్పి, ఆఫీసుకి వెళ్ళి బెంచీ మీద కూర్చున్నాడు. "మీరు ఆ రోజే వచ్చేస్తారనుకున్నానమ్మా. సాక్షులు ముగ్గురు కావాలని అక్కడ ఎవరో అంటుంటే విన్నాను. ఎవరైనా తక్కువైతే పనికొస్తానని ఆధార్ జిరాక్స్ కూడా జేబులో పెట్టుకున్నా."

ఆఫీసు మూసేదాకా కూర్చున్నాడట.

ఆ తర్వాతా మా నుంచి ఏ కబురూ లేదు. వాట్సాప్‌లో రిజిస్ట్రారు, సాక్షులు అని నేను పెట్టిన మెసేజ్ చూశాడు, తన పేరు అందులో లేదని అర్థమైంది. పుట్టినరోజుకి రమ్మని నేను ఫోన్ చేసినప్పుడు ఆఖరిసారిగా అడిగి చూశాడు. ఏం లేదన్నాను కదా.

"నడుం నొప్పి నిజమేనా బాబాయ్?" అన్నాను.

"కొంచెం" అన్నాడు.

ఆయన కోప్పడి ఉంటే బాగుండేది. పిన్ని టీ తెస్తుంటే మాట మార్చేసి, మా ఆయన్ని ఉద్యోగం ఎలా ఉందని అడగడం మొదలుపెట్టాడు. నేను బ్యాగులోంచి పెళ్ళి సర్టిఫికెట్ జిరాక్స్ తీసి చూపించాను, అది తెచ్చింది ఊరికే అందరికీ చూపిద్దామనే. కళ్ళజోడు పెట్టుకుని పైనుంచి కిందిదాకా చదివాడు. అమ్మమ్మ సంతకం దగ్గర ఆగి నవ్వాడు. మూడు సాక్షి సంతకాల కింద కొంచెం తెల్ల కాయితం మిగిలింది. "ఇది ఒరిజినల్ కాదుగా?" అని అడిగాడు. కాదన్నాను. జేబులోంచి పెన్ను తీసి ఆ తెల్లచోట సంతకం పెట్టాడు, నా ప్రోగ్రెస్ కార్డు మీద పెట్టినలాంటిది కాదు, తన సొంత సంతకం.

అమ్మమ్మ పోయి నాలుగేళ్ళయింది. ఒరిజినల్ సర్టిఫికెట్ బ్యాంకు లాకర్లో ఉంది, హాల్లో ఫ్రేమ్ కట్టించి పెట్టుకున్నది ఆ జిరాక్సే. ఇంటికొచ్చినవాళ్ళు అప్పుడప్పుడు దగ్గరికెళ్ళి చూసి, సాక్షులు నలుగురేంటి, నాలుగో సంతకం కింద తేదీ పెళ్ళికి ముందుదేంటి అని అడుగుతారు. బాబాయ్ పెళ్ళి తేదీ వెయ్యలేదు. తను బెంచీ మీద కూర్చున్న రోజు తేదీ వేశాడు.